గవ్వలమడుగులో తలల కొలత

అనగనగా అంటే నిన్నా మొన్నటి మాట కాదు. మీ తాతకు తాత పుట్టకముందు, సముద్రం ఇంకో నాలుగు అడుగులు అవతల ఉన్న కాలంలో, ధవళపురి అనే రాజ్యం ఉండేది. దాన్ని ఏలే రాజు పేరు విజయకేతుడు.

రాజు చెడ్డవాడు కాడు. ఆకలిగొన్నవాడికి అన్నం పెట్టేవాడు. తగువు వస్తే ఇరుపక్షాల మాటా వినేవాడు. అయితే ఆయనకో జబ్బు ఉంది. ఎదుటివాడి వాకిట్లో ఏదైనా మెరిస్తే, అది తనదే అయితే బాగుండునని మనసు పీకేది.

ధవళపురికి ఉత్తరాన గవ్వలమడుగు అని పెద్ద ఉప్పునీటి సరస్సు ఉండేది. ఈ ఒడ్డున నిలబడితే ఆ ఒడ్డు కనిపించదు. సముద్రపు పోటు వస్తే మడుగు నిండుతుంది, ఆటు వస్తే నీరు తీస్తుంది. చుట్టూ మడచెట్లు, ఉప్పునీళ్ళలోకి వేళ్ళు దించుకుని పచ్చగా నిలబడి ఉంటాయి.

ఆ మడుగు మధ్య దిబ్బల మీద గుంజలు పాతి, గుంజల మీద ఇళ్ళు కట్టుకుని కొందరు మనుషులు బతికేవాళ్ళు. వాళ్ళను మడుగువాళ్ళు అనేవాళ్ళు. నల్లటి మనుషులు, పొట్టి మనుషులు. చేపలు పట్టేవాళ్ళు. ఉప్పుకు ఓర్చుకునే ఎర్రవడ్లు పండించేవాళ్ళు. ఏటా కోతలయ్యాక ధవళపురి వాళ్ళు బెల్లమూ బట్టలూ తీసుకెళ్తే, మడుగువాళ్ళు ఎండుచేపలు గంపలకెత్తి పంపేవాళ్ళు. తాతల నాటి నుంచీ అదే స్నేహం.

విజయకేతుడి కన్ను ఆ మడుగు మీద పడింది. మడచెట్లు కొట్టేసి, కట్ట పోసి, నీళ్ళు తోడేస్తే ఎంత పంట, ఎంత వైభవం! కానీ ఆయనకు మడుగు ఒక్కటే చాలదు. మడుగుతో పాటు కంటినిండా నిద్ర కూడా కావాలి.

"వాళ్ళు మనకేం అపకారం చేశారని? ఏ ముఖం పెట్టుకుని లాక్కోను?" అని లోపల ముల్లులా గుచ్చుకునేది.

సరిగ్గా అప్పుడు వచ్చాడు ప్రమాణాచార్యుడు. ఏ దేశంవాడో ఎవరికీ తెలియదు. పొడవాటి ముక్కు, పట్టుశాలువా, చేతిలో ఒక పట్టుతాడు. ఆ తాడుకు అంగుళానికొక ముడి.

"మహారాజా, నీళ్ళలో ఏం జరుగుతుంది? పెద్దచేప చిన్నచేపను మింగుతుంది. దాన్నే మత్స్యన్యాయం అంటారు. అది పాపం కాదు, సృష్టి పెట్టిన నియమం. మనుషుల్లోనూ అంతే. గొప్పజాతి ఏలాలి, తక్కువజాతి లొంగాలి. లేకపోతే సృష్టి ఆగిపోతుంది" అన్నాడు ఆచార్యుడు.

"ఎవరు గొప్ప, ఎవరు తక్కువ? తెలిసేదెలా?" అన్నాడు రాజు ముందుకు వంగి.

"తల కొలిస్తే తెలుస్తుంది ప్రభూ. పెద్ద తలలో పెద్ద బుద్ధి, చిన్న తలలో చిన్న బుద్ధి. నేను మడుగువాళ్ళను దూరం నుంచి చూశాను. వాళ్ళ తలలు చిన్నవి. వాళ్ళను ఏలడం మీకు లాభం అనుకుంటున్నారేమో! కాదు, అది మీ నెత్తిన దేవుడు పెట్టిన భారం. వాళ్ళ మేలు కోసమే మీరు మోయాలి."

రాజు మనసులోని ముల్లు ఆ మాటతో ఊడిపోయింది. "కొలవండి!" అన్నాడు.

ఆ మాటలన్నీ సభలో ఒక మూల కూర్చుని తాటాకు మీద గంటంతో రాస్తున్నవాడి పేరు వెన్నయ. ఈ కథ అతనిది.

వెన్నయకు నలభై దాటాయి. చిన్న బొజ్జ, ముత్యాల్లాంటి దస్తూరి. భోజనమంటే ప్రాణం, గొడవంటే భయం. ఇరవై ఏళ్ళ కొలువులో అతను ఒక్క అబద్ధం కూడా రాయలేదు. ధైర్యం ఉండి కాదు. రాయమని అంతవరకూ ఎవరూ అడగలేదు, అంతే.

ఆచార్యుడూ, వెన్నయా, పదిమంది భటులూ దోనెల మీద గవ్వలమడుగు చేరారు. నూరు తలలు కొలవాలని రాజాజ్ఞ. వెన్నయకు నూకాలు అనే ఆవిడ ఇంట్లో బస దొరికింది.

నూకాలుకు యాభై ఏళ్ళుంటాయి. మడుగులో ఏ పాయ ఎక్కడ తిరుగుతుందో, ఏ పోటు ఎంత ఎక్కుతుందో ఆవిడను అడిగి చెప్పించుకోవాల్సిందే. గలగలా మాట్లాడుతుంది, గలగలా నవ్వుతుంది. వచ్చిన అతిథికి ఎర్రబియ్యం అన్నం వండి, చింతకాయ వేసిన రొయ్యల కూర పెట్టింది. వెన్నయ మూడుసార్లు మారు అడిగాడు.

"తిను బాబూ, తిను. ఇంతకీ ఏటి, మా తలలు కొలుస్తారంట? అందరికీ తలపాగాలు పంచుతారా ఏటి?" అంది నూకాలు.

వెన్నయ ఎత్తిన ముద్ద మళ్ళీ ఆకులో పెట్టేశాడు. "అలాంటిదేలే అమ్మా" అని నీళ్ళు తాగాడు.

మర్నాడు పొద్దున్నే కొలత మొదలైంది.

మొదట పోతయ్య అనే పెద్దమనిషి వచ్చి పీట మీద కూర్చున్నాడు. ఆ దిబ్బల పెద్ద అతనే. ఆచార్యుడు తాడు చుట్టాడు. వెన్నయ ముడులు లెక్కపెట్టాడు. ఇరవై నాలుగు.

"ఇరవై ఒకటి అని రాయి" అన్నాడు ఆచార్యుడు.

"స్వామీ, తాడు ఇరవై నాలుగు అంటోంది."

"జుట్టు ఒత్తుగా ఉంది. జుట్టుకు మూడు తీసెయ్యి."

తర్వాత ఆచార్యుడు తన భటుల్లో ఒకడిని పిలిచాడు, పోల్చి చూపడానికి. వాడి తలపాగా తియ్యకుండానే తాడు చుట్టాడు. ఇరవై ఆరు వచ్చింది.

"స్వామీ, తలపాగా..." అన్నాడు వెన్నయ.

"తలపాగా గొప్పజాతి లక్షణం. తలలో భాగమే. రాయి."

మూడోసారి నూకాలు వచ్చి కూర్చుంది. ఇరవై మూడు. ఆచార్యుడు కాసేపు ఆ తాడును చూశాడు, నూకాలును చూశాడు. "ఆడదాని తల లెక్కలోకి రాదు. ఇరవై వేసుకో" అన్నాడు.

వెన్నయ చేతిలో గంటం ఆగిపోయింది. ఆచార్యుడు నెమ్మదిగా, చాలా మర్యాదగా అన్నాడు. "వెన్నయ్యా, రాజుగారు నిన్ను నమ్మి పంపారు. నీకు పెళ్ళాం పిల్లలున్నారు కదూ?"

గంటం కదిలింది. ఇరవై అని రాసింది. ఆ రోజు సాయంత్రానికి నూరు తలలూ తాటాకుల మీద చిన్నవైపోయాయి.

రాజు ఆ తాటాకులు చూసి పొంగిపోయాడు. ఆచార్యుడికి గురుపీఠం దక్కింది, అతను రాసిన కొలతల గ్రంథం దేశదేశాలకూ వెళ్ళింది. వెన్నయకు ఒక జరీ శాలువా దక్కింది. మడుగువాళ్ళకు మాత్రం రాజాజ్ఞ దక్కింది. మడుగు ఇక రాజుదట. వాళ్ళంతా దిబ్బలు దిగి ఇసుక మెరక మీద పాకలు వేసుకోవాలట. పొద్దున లేచి మడచెట్లు కొట్టాలట, కట్ట పొయ్యాలట. తమ మేలు తాము తెలుసుకోలేని చిన్న తలలు కనుక, తెలిసినవాళ్ళు చెప్పినట్టు వినాలట.

వాళ్ళు వినలేదు. భటులు ఈటెలు చూపించారు. అప్పుడు విన్నారు.

పనులు ఎలా సాగుతున్నాయో రాసుకు రమ్మని రాజు వెన్నయను పంపాడు. వెళ్ళేసరికి దక్షిణపు ఒడ్డు బోడిగా ఉంది. మడచెట్ల వేళ్ళ నీడ లేక రొయ్యపిల్లలు చచ్చి తేలుతున్నాయి. అడుసులో మోకాళ్ళ దాకా దిగి మట్టి తట్టలు మోస్తున్న మనుషుల్లో నూకాలు ఉంది. వెన్నయను చూసి తట్ట దించింది. ముఖంలో నవ్వు లేదు. కోపం కూడా లేదు. అదే అతనికి భరించరాకుండా ఉంది.

"బాబూ, మా ఇంట్లో అన్నం తిన్నావు. ఒక్క మాట అడుగుతాను. ఆవేళ నా తల కొలిచి ఆకు మీద ఎంత రాశావు?"

వెన్నయ నేలకేసి చూశాడు.

"తాడు మీద ముడులు నేనూ లెక్కపెట్టుకున్నాను. ఇరవై మూడు. నువ్వూ అంతే రాసుంటావు కదా?"

వెన్నయ చేతిలోని తాటాకుల కట్టను వెనక్కి దాచుకున్నాడు. నూకాలు అది చూసి, తట్ట ఎత్తుకుని వెళ్ళిపోయింది.

ఆ రోజు నుంచి వెన్నయకు అన్నం సయించలేదు. ఇంట్లో అతని భార్య గుమ్మడికాయ పులుసు పెట్టినా, అరిసెలు పెట్టినా, రెండు ముద్దలు తిని లేచిపోయేవాడు. నిజం చెప్పాలని సభకు వెళ్ళేవాడు. ఆచార్యుడి ముఖం చూడగానే మూల కూర్చుని గంటం తీసేవాడు. ఇంటికి వచ్చేవాడు. మళ్ళీ మర్నాడు వెళ్ళేవాడు. అలా నెల గడిచింది, రెండు నెలలు గడిచాయి.

ఇక తాడు సంగతి వినండి. తాడుకు ఒకసారి తలల రుచి తగిలాక ఊరుకుంటుందా? మడుగు అయిపోయింది, నగరంలోకి వచ్చింది. సాలెవాళ్ళ వీధిలో కొలిచారు. కుమ్మరుల వీధిలో కొలిచారు. రాజుగారి వంటశాలలోనూ కొలిచారు. ఒకరిది మొదటి రకం తల, ఒకరిది రెండో రకం తల. నిన్నటిదాకా ఒకే అరుగు మీద కూర్చుని చుట్ట కాల్చుకున్నవాళ్ళు ఒకరినొకరు ఓరగా చూసుకోవడం మొదలుపెట్టారు. చివరికి వెన్నయ తలా కొలిచారు. ఇరవై ఒకటి వచ్చింది.

"నువ్వు సభలో కూర్చోరాదు. వరండాలో కూర్చుని రాసుకో" అన్నాడు ఆచార్యుడు.

ఇరవై ఏళ్ళు పనికొచ్చిన తల ఒక్కపూటలో పనికిరాకుండా పోయింది. వెన్నయ చాపా గంటమూ తీసుకుని వరండాలోకి వెళ్ళాడు. ఎండ ముఖాన కొడుతోంది. "పోతయ్యకు కూడా ఇలాగే ఉండి ఉంటుంది" అనుకున్నాడు. మళ్ళీ తనే సిగ్గుపడ్డాడు. "కాదు. నాకు పోయింది నీడే. అతనికి పోయింది ఇల్లు."

ఇలా ఉండగా ఒకనాడు సముద్రం మీద తెల్ల తెరచాప కనిపించింది. ఆవలిదీవి చక్రవర్తి దగ్గర నుంచి దూత వచ్చాడు. ఆజానుబాహువు. పాలిపోయిన రంగు, నడుముకు పెద్ద కత్తి, నెత్తిన పక్షి ఈకలు గుచ్చిన ఎత్తైన టోపీ. సభలోకి వచ్చి నమస్కారం కూడా చెయ్యలేదు.

"విజయకేతా! మీ ప్రమాణాచార్యుడి గ్రంథం మా చక్రవర్తి చదివించుకుని విన్నారు. చాలా మెచ్చుకున్నారు. పెద్దచేప చిన్నచేపను మింగాలి, అది సృష్టి నియమం. బాగుంది! మీకంటే మేము ఎత్తు. మీకంటే మేము తెలుపు. మా తలలు ఇంకా పెద్దవి. కాబట్టి వచ్చే పౌర్ణమికి నలభై ఓడలతో వస్తాను. రాజ్యం అప్పగించు. ఇది మా స్వార్థం కోసం కాదు సుమా. మీ మేలు కోసం."

ఆ మాటలు ఎక్కడో విన్నట్టు అనిపించి రాజు చెమటలు తుడుచుకున్నాడు. గురుపీఠం వైపు తిరిగాడు.

"ఆచార్యా! చెప్పండి, జవాబు చెప్పండి!"

ప్రమాణాచార్యుడు అప్పటికే పీఠం దిగి, దూత పక్కన నిలబడి ఉన్నాడు. "ఏం చెప్పను మహారాజా? నియమం నియమమే. లొంగిపోండి. చక్రవర్తిగారికి కొలిచేవాడు కావాలంటే నేను సిద్ధం" అన్నాడు తాడు సవరించుకుంటూ.

తను ఒప్పుకున్న న్యాయం ఇంకొకడు తెచ్చి చూపిస్తే, కాదనడానికి రాజుకు ఏ నోరుంది?

అప్పుడు వరండాలో నుంచి ఎవరో లేచి లోపలికి వచ్చారు. చేతిలో ఇంకా గంటం ఉంది. వెన్నయ!

"మహారాజా, నేను పాపిని. మడుగువాళ్ళ తలల కొలతలన్నీ అబద్ధాలు. తాడు ఇరవై నాలుగు చూపిస్తే ఇరవై ఒకటి రాశాను. ఇరవై మూడు చూపిస్తే ఇరవై రాశాను. మన భటుల తలలు తలపాగాలతో కొలిచాం. ఆచార్యులు చెప్పారు, నేను రాశాను. భయపడి రాశాను. నాకు ఏ శిక్ష వేసినా సరే, ఇక దాచలేను."

ఇరవై ఏళ్ళుగా గట్టిగా దగ్గని మనిషి అన్నిమాటలు అనేసరికి సభలో అందరూ తెల్లబోయారు. వెన్నయ ఆగలేదు. ఆగితే మళ్ళీ భయం వేస్తుందని అతనికి తెలుసు. ఆచార్యుడి చేతిలో తాడు లాక్కుని దూత దగ్గరికి వెళ్ళాడు.

"అయ్యా, తమరు ఆ టోపీ తీస్తారా?"

దూత నవ్వుతూ టోపీ తీశాడు. కింద నున్నటి బోడితల. వెన్నయ తాడు చుట్టి, అందరికీ వినబడేలా ముడులు లెక్కపెట్టాడు. "ఇరవై ఒకటి! నాదీ అంతే మహారాజా. నేను వరండాలో కూర్చునేవాణ్ణి."

ఎవరో కిసుక్కున నవ్వారు. దూత ముఖం ఎర్రబడింది. టోపీ నెత్తిన కొట్టుకుని అరిచాడు. "నా తల ఎంతైతే ఏం? నా ఓడలు నలభై! అది కొలుచుకోండి!"

అని, ఆచార్యుణ్ణి వెంటబెట్టుకుని వెళ్ళిపోయాడు.

విజయకేతుడు వెన్నయ చేతిలోని తాడు తీసుకుని చూశాడు. తర్వాత మెల్లగా అన్నాడు. "అయితే తలకూ దీనికీ సంబంధమే లేదన్నమాట. వాడికి కావలసింది నా నేల. నాకు కావలసింది వాళ్ళ మడుగు. మధ్యలో ఈ తాడు, మన సిగ్గు కప్పుకోవడానికి."

వెన్నయను శిక్షించలేదు. "నాకంటే నీ పాపం చిన్నది. నువ్వు రాశావు, నేను రాయించుకున్నాను. పద, మడుగుకు పోదాం" అన్నాడు.

పల్లకీ లేదు, గుర్రం లేదు. రాజూ వెన్నయా అడుసులో నడుచుకుంటూ ఇసుక మెరక చేరారు. రాజుగారి చెప్పులు దారిలోనే అడుసు లాగేసుకుంది. పోతయ్యా, నూకాలూ పాకల ముందు నిలబడి చూస్తున్నారు. ఎవరూ దండం పెట్టలేదు.

"తప్పు చేశాను. మీ తలలు చిన్నవని అబద్ధం చెబితే నమ్మాను. కాదు, నమ్మాలనుకుని నమ్మాను. అవి చిన్నవి కావని ఇప్పుడు తెలిసింది" అన్నాడు రాజు.

నూకాలు నడుం మీద చేతులు పెట్టుకుంది. "అది కాదు రాజా, నాకొకటి చెప్పు. మా తలలు నిజంగానే చిన్నవనుకో. నా తల ఒక కొబ్బరిచిప్పంతే ఉందనుకో. అప్పుడు మడుగు నీదవుతాదా?"

అంతవరకు రాజు ఆలోచన వెళ్ళలేదు. వెన్నయ ఆలోచనా వెళ్ళలేదు. ఇంతకాలం తన తప్పు అంకెలు మార్చడమే అనుకున్నాడు. అసలు ఆ పీట వెయ్యడమే తప్పని అప్పుడు అర్థమైంది.

"కాదు. అప్పుడూ నాది కాదు" అన్నాడు రాజు.

"పెద్దచేప చిన్నచేపను తింటాదని నీకు చెప్పారట. యాభై ఏళ్ళుగా చేపలతో ఉన్నాను, నాకు తెలీదా? తింటాది. ఆకలేసినప్పుడు తింటాది, కడుపు నిండితే ఊరుకుంటాది. రొయ్య కుళ్ళు తిని నీళ్ళు శుభ్రం చేస్తాది, ఆ రొయ్య లేకపోతే పెద్దచేపకీ బతుకు లేదు. అయినా చేపలకు రాజు లేడు, అందుకని అలా బతుకుతాయి. మనుషులు రాజునెందుకు పెట్టుకున్నారంటావు? ఆ మింగుడు ఇక్కడ జరక్కుండా చూస్తాడని కాదూ?"

పోతయ్య ముందుకొచ్చాడు. "నలభై ఓడల సంగతి మాకూ తెలిసింది. అవి మడుగులోంచే రావాలి. ముందు మా గుమ్మం తొక్కాకే నీ గుమ్మానికి వస్తాయి. అందుకని అడ్డుకుంటాం, నీ కోసం కాదు. కానీ మూడు మాటలు ఒప్పుకోవాలి."

"చెప్పు పెద్దయ్యా."

"ఒకటి, మా దిబ్బలు మాకు. రెండు, నీ రాజ్యంలో ఇక ఎవరి తల మీదా తాడు పడకూడదు, మాదే కాదు, ఎవరిదీ. మూడు, మా దగ్గరున్నది ఏదైనా నీకు కావాలనిపిస్తే వచ్చి అడుగు. ఇస్తే తీసుకో. ఇవ్వకపోతే మజ్జిగ తాగి ఇంటికెళ్ళు."

రాజు మూడింటికీ చెయ్యి కలిపాడు.

మడుగులోకి వచ్చే ఓడదారి చాలా ఇరుకు. లోతు పాయకు ఇరువైపులా గుంజలు పాతి ఉంటాయి. వాటి గుర్తుతోనే నావలు నడుస్తాయి. నూకాలు చెప్పింది, అందరూ చేశారు. గుంజలన్నీ పీకి, లోతు లేని వైపు పాతారు. మడుగువాళ్ళతో పాటు రాజుగారి భటులూ నీళ్ళలో దిగారు. వెన్నయ కూడా దిగాడు. రెండుసార్లు బోర్లా పడ్డాడు.

పౌర్ణమి నాటి పొద్దున పెద్దపోటు ఎక్కింది. నలభై ఓడలూ తెరచాపలెత్తి, గుంజల వెంబడి హుందాగా లోపలికి వచ్చాయి. దూత ముందు ఓడలో నిలబడి, "చూశావా ఆచార్యా, ఒక్కడు అడ్డం రాలేదు" అన్నాడు.

మధ్యాహ్నానికి ఆటు మొదలైంది. నీళ్ళు జారిపోయాయి. నలభై ఓడలూ అడుసులో కూర్చున్నాయి, బాతులు గుడ్లు పొదుగుతున్నట్టు. మర్నాటి పోటు అంత ఎత్తు రాలేదు. ఆ మర్నాటిది ఇంకా తగ్గింది. పౌర్ణమికి ఎక్కిన నీరు మళ్ళీ అమావాస్యకు గానీ ఎక్కదు. దూతకు ఆ సంగతి తెలియదు. అడుసులోకి దిగిన సైనికుడు దిగినట్టే నడుము దాకా కూరుకుపోయాడు. బాణం వేద్దామంటే ఎదురుగా మనిషి లేడు.

మూడో రోజుకు పీపాల్లో మంచినీళ్ళు అయిపోయాయి. నెత్తిన ఎండ, చుట్టూ ఉప్పునీరు. వీరులందరూ నాలుకలు బయటపెట్టుకుని కూర్చున్నారు.

"వదిలేద్దాం. ఇంకో నాలుగు రోజులు చూస్తే చాలు" అన్నాడు రాజుగారి సేనాపతి.

నూకాలు అతన్ని ఎగాదిగా చూసింది. "ఇంకా ఆ ఆచార్యుడి పాఠమే చదువుతున్నావా బాబూ?" అంది. కుండల్లో మంచినీళ్ళు నింపించి, బల్లచెక్కల లాంటి తేలిక దోనెల మీద అడుసు మీంచి జారుకుంటూ బయలుదేరింది. వెన్నయ కుండ పట్టుకుని ఆమె వెనక కూర్చున్నాడు.

దూత గటగటా తాగాడు. తాగాక తలెత్తి అడిగాడు. "నేను మీ నేల లాక్కోవడానికి వచ్చాను. ఇప్పుడు మీది పైచెయ్యి. బలం మీ వైపు ఉంది. ఎందుకు చంపలేదు?"

"దాహమేసినోడికి నీళ్ళు పొయ్యడానికి కూడా ఎవరు బలవంతుడో తేల్చాలా నాయనా? కత్తులన్నీ ఈ దోనెలో వెయ్యి. అమావాస్య పోటుకు దారి చూపిస్తాను. ఇంటికెళ్ళు. మీ అమ్మ ఎదురుచూస్తుంటాది" అంది నూకాలు.

దూత తలవంచుకున్నాడు. ఆ తర్వాత కత్తులు ఒక్కొక్కటే దోనెలో పడ్డాయి.

ఓడ అడుగున, నీడలో, ప్రమాణాచార్యుడు కూర్చుని ఉన్నాడు. పెదవులు పగిలిపోయాయి. నూకాలు అతనికీ నీళ్ళు పోసింది. అతను తాగాడు గానీ ఆమె ముఖం చూడలేదు. అమావాస్యకు ఓడలతో పాటు వెళ్ళిపోయాడు. ఏ దేశం చేరాడో తెలియదు. పక్కవాడి పొలం మీద కన్నేసిన రాజు ఎక్కడున్నా, అలాంటి ఆచార్యుడికి పని దొరుకుతూనే ఉంటుంది లెండి.

మడుగువాళ్ళు దిబ్బల మీదికి తిరిగి వెళ్ళారు. రాజు కట్ట తవ్వించేశాడు. ధవళపురిలో సాలెవాళ్ళూ కుమ్మరులూ మళ్ళీ ఒకే అరుగు మీద కూర్చున్నారు. మొదట్లో కొంచెం ఎడంగా కూర్చున్నారు. ఆ ఎడం తగ్గడానికి ఒక ఏడాది పట్టింది.

వెన్నయ నూకాలు దగ్గరకు వెళ్ళి చేతులు జోడించాడు. "అమ్మా, నీ అన్నం తిని నీ మీద అబద్ధం రాశాను. నాకేదైనా శిక్ష వెయ్యి."

నూకాలు ఆలోచించింది. "దక్షిణపు ఒడ్డు బోడిగా ఉంది. వెయ్యి మడమొక్కలు నాటు. నీ చేత్తోనే."

వెన్నయ నాటాడు. మొదటి వారం నాటినవన్నీ పోటుకు కొట్టుకుపోయాయి. పిల్లలు ఒడ్డున చేరి పడీపడీ నవ్వారు. తర్వాత పోతయ్య వచ్చి ఎంత లోతు దించాలో చూపించాడు. బొజ్జ కరిగింది, చేతులు కాయలు కాశాయి, ఆకలి మాత్రం తిరిగి వచ్చింది. రెండేళ్ళకు ఆ ఒడ్డు పచ్చబడింది. వేళ్ళ మధ్య రొయ్యపిల్లలు మసలాయి.

ఆ ఏడు కోతలయ్యాక విజయకేతుడు బెల్లపు బుట్టలతో మడుగుకు వచ్చాడు. చెప్పులు ఒడ్డునే విడిచి వచ్చాడు. నూకాలు ఇంటి ముందు చాపలు వేశారు. రాజు ఒక పక్క, పోతయ్య ఒక పక్క, మధ్యలో వెన్నయ. ఎవరి తల ఎంతుందో ఎవరూ చూడలేదు. ఎవరి ఆకులో అన్నం అయిపోయిందో మాత్రం నూకాలు చూస్తూ వడ్డించింది.

కాబట్టి పిల్లలూ, బలం ఉన్నంత మాత్రాన హక్కు రాదు. ఎదుటి మనిషిని తక్కువ చేసే కొలత ఏదైనా, చివరికి అది కొలిచినవాడి మెడకే చుట్టుకుంటుంది.